ఉప్పునీళ్ళలో కడిగిన నడక

ఏప్రిల్ 7

నునుపు చేయని కెమెరా దగ్గర పెట్టుకున్నవాళ్ళు దానితో ఏ రోజు ఏం చేశారో రాసి ఉంచాలని నా లైసెన్సు వెనక అచ్చేశారు. అందుకని రాస్తున్నాను. దీన్ని చదవాల్సిన గుమస్తా గారెవరో నాకు తెలియదు. మీరు చదవరని మాత్రం గట్టి నమ్మకం. ముప్పై ఏళ్ళుగా ఈ దేశంలో ఎవరూ దేన్నీ ఉన్నదున్నట్టు చూసిన దాఖలా లేదు. ఇక చదవడం ఎక్కడిది?

నా పేరు కస్తూరి. వయసు నలభై ఆరు. ప్రయోగాత్మక చిత్రాలు తీస్తాను. అంటే ఎవరూ అడగని సినిమాలు తీసి, ఎవరూ రాని చోట ఆడిస్తాను. నౌపడ ఉప్పు మడుల పక్కన పాడుబడ్డ గోదాములో ఉంటున్నాను. చేత్తో తాళం తిప్పే కెమెరా ఒకటి ఉంది. దేశంలో దొరికిన చివరి ముడి ఫిల్ము కూడా నా దగ్గరే ఉండేది. కిందటి నెలలో దాన్ని ఖర్చు పెట్టేశాను. పదకొండు నిమిషాల చిత్రం వచ్చింది.

ఉప్పు మడుల్లోనే ఎందుకు తీశానంటే, ఇక్కడివాళ్ళకి ఇంకా సొంత కళ్ళున్నాయి. పట్నంలో అందరి కళ్ళద్దాల్లోనూ నునుపు పరికరం ఉంటుంది. అది ముడతలు చెరిపేస్తుంది, చెత్తకుప్ప మీద పూలమొక్క పెడుతుంది, కుంటివాణ్ణి సాఫీగా నడిపిస్తుంది. ఫోన్లూ తెరలూ చేసేదీ అదే. ఉప్పుగాలికి ఆ అద్దాలు వారంలో పాడవుతాయి కాబట్టి వీళ్ళకి ఆ భాగ్యం దక్కలేదు.

పొద్దున నేను ఫిల్ము డబ్బాలు సర్దుతుంటే తవిటమ్మ వచ్చింది. నా చిత్రంలో ఉన్నది ఆవిడే. అరవై మూడేళ్ళు. యాభై ఏళ్ళుగా మడిలోంచి గట్టు మీదికి ఉప్పు గంపలు మోస్తోంది. చేతిలో ఆసుపత్రి కాగితం ఉంది.

"ఇరవై తొమ్మిదిన ఆపరేషనంట పిల్లా. రెండు కళ్ళకీ ఒక్కపాలే."

ఎండలో ఉప్పు మెరుపు చూసీ చూసీ ఇక్కడందరికీ కంట్లో పువ్వు వేస్తుంది. ఉచితంగా తీసి లెన్సు పెడతారు. ఆ లెన్సులోనూ నునుపు ఉంటుంది. అది లేని లెన్సు తయారుచేయడం మానేసి పదిహేనేళ్ళయింది.

"వద్దనలేవా పిన్నీ?" అన్నాను.

"కళ్ళు కనపడకుంటే మడిలో పడి సస్తాను. ఒద్దంటే ఎలగ? అది కాదు గానీ, నీ సినిమా ఎప్పుడు సూపిస్తావు? ఇరవై తొమ్మిదికి ముందే సూపించాల. తరవాత సూసినా ఒకటే, సూడకున్నా ఒకటే."

తను ఏం చూడాలనుకుంటోందో తీసేటప్పుడే చెప్పింది. తన నడక చూసుకోవాలట. రెండు మైళ్ళ దూరంలో ఉన్నా "అదుగో తవిటమ్మ" అని నడకని బట్టే పోల్చుకుంటారట అందరూ. ఆవిడ మాత్రం దాన్ని ఒక్కసారీ చూడలేదు. కూతురి పెళ్ళి వీడియోలో చూద్దామనుకుంటే, అందులో ఆవిడ నీళ్ళ మీద తెప్పలా జారిపోతోంది.

"అద్దంలో నడిస్తే అయిదడుగుల్లో గోడ కొట్టుకుంటాది. నువ్వే సూపించాల," అంది.

ఇరవై ఏడో తారీఖున చూపిస్తానని మాటిచ్చాను.

ఏప్రిల్ 10

రసాయనాలు అమ్మడం లేదు కాబట్టి ఫిల్ముని కరక్కాయ కషాయంలో కడుగుతాను. బొమ్మ తేలాక దాన్ని నిలబెట్టడానికి ఉప్పునీళ్ళలో నానబెట్టాలి. గాఢమైన ఉప్పునీళ్ళయితే అయిదు రోజులు చాలు. ఫిల్ము మీద మిగిలిన మందు అందులో కరిగిపోతుంది. ఇంకా మిగిలిందంటే వెలుతురు తగిలినప్పుడల్లా బొమ్మ నల్లబడుతుంది.

ఈసారి డబ్బాలో ఉప్పు కలపలేదు. తవిటమ్మ పనిచేసే మడిలోంచే నీళ్ళు తోడి తెచ్చాను. ఆమె చేసిన ఉప్పే ఆమె బొమ్మని నిలబెట్టాలని నా ఆలోచన. పక్షం కింద పురస్కారం పోటీకి పంపిన దరఖాస్తులోనూ ఇదే వాక్యం రాశాను. రాసినప్పుడు చాలా ముచ్చటపడ్డాను. గడువు దగ్గరపడింది కాబట్టి మూడు రోజులకే పైకి తీశాను. నెగటివ్‌నీ, దాని మీంచి తీసిన అచ్చునీ అదే నీళ్ళలో ముంచాను.

చిత్రం గురించి కూడా రాయాలి కదా. కెమెరా వేగం పెంచి తీశాను, తెర మీద నడక నెమ్మదిగా, బరువుగా పడుతుంది. తీసేటప్పుడు తవిటమ్మని నవ్వొద్దన్నాను. ఆవిడ పక్కన ఎప్పుడూ దాలమ్మ అని ఇంకొకావిడ నడుస్తుంది. ముప్పై ఏళ్ళ జంట వాళ్ళిద్దరిదీ. దాలమ్మ నోరు ఒక్క క్షణం మూతపడదు. ఆవిడ ఉన్న ముక్కలన్నీ కత్తిరించేశాను. చిత్రం నిండా ఒంటరితనం ఉండాలని నా ఉద్దేశం. ఆ తర్వాత, ఉప్పునీళ్ళలో వేయకముందే, ఎర్రదీపం కింద కూర్చుని అచ్చులో ప్రతి బొమ్మ మీదా సూదితో గీతలు గీశాను, ఎండ కంట్లో గుచ్చుకున్నట్టుండాలని. దానికి పంతొమ్మిది రోజులు పట్టింది.

ఇలాంటి పని చేసేవాళ్ళు దేశం మొత్తం మీద ఎవరూ మిగల్లేదు. ఈ మాట గర్వంగానే రాస్తున్నాను.

ఏప్రిల్ 15

ఆ పోటీ పెట్టే స్వేచ్ఛా దృశ్య కళా సమాజం వారు వేంచేశారు. అయిదుగురు. పేరు గొప్ప ఊరు దిబ్బ అంటే వీళ్ళే. 'కన్ను స్వతంత్రం' అని అంచుమీద నేసిన శాలువాలు కప్పుకుంటారు, అయిదుగురి కళ్ళలోనూ మాత్రం నునుపు లెన్సులే. సమావేశానికి ముందు ఒక నిమిషం కళ్ళు మూసుకుని, 'మేము చూస్తున్నాము' అని మూడుసార్లు అంటారు.

గోదాము తలుపులు మూసి, పగలే గోడ మీద ఆడించాను. పదకొండు నిమిషాలూ కదలకుండా కూర్చున్నారు. కార్యదర్శి కౌండిన్య గారు ముందు తేరుకున్నారు.

"ఆ నర్తకి ఎవరండీ కస్తూరి గారూ?"

"ఉప్పు మోసే ఆవిడండి."

"ఎంత లయ. ఆ పాదం పెట్టడంలో ఎక్కడా తడబాటన్నది లేదు. మీరు శిక్షణ ఇచ్చారా?"

తవిటమ్మ ఎడమ మోకాలు ముప్పై ఏళ్ళ కింద గట్టు మీంచి పడి చెడింది. ఆ కాలు ఈడ్చడం కోసమే నేను చిత్రం తీశాను. ఈ మహానుభావుల లెన్సులు ఆ కాలిని బాగుచేసి పెట్టాయి.

"గీతలెలా ఉన్నాయండీ?" అన్నాను, ఆశ చావక.

"ఏ గీతలు?"

గుడ్డికన్ను మూసినా ఒకటే తెరిచినా ఒకటే అని మనవాళ్ళు ఊరికే అనలేదు. అయినా వాళ్ళకి బెల్లం టీ పెట్టి ఇచ్చాను. నిర్ణాయకుల కోసం ఇరవై రెండున మళ్ళీ ఆడించాలట. నెగ్గితే చిత్రాన్ని వాళ్ళ శీతల భాండాగారంలో శాశ్వతంగా దాస్తారట. సరేనన్నాను. వాళ్ళని తిట్టుకుంటూనే సరేనన్నాను.

ఏప్రిల్ 16

ఫిల్ము చుట్టి డబ్బాలో పెడుతుంటే అంచులు గోధుమరంగులో కనిపించాయి. మధ్యలోనూ నిన్నటికంటే నలుపు పెరిగింది. నెగటివ్ తీసి చూశాను. దాన్ని ఎండలో ఆరేశాను కాబట్టి అదెప్పుడో మసైపోయింది.

మిగిలిన మడి నీళ్ళ బిందె బయట పెడితే, దారిన పోతున్న దాలమ్మ వేలు ముంచి నాలిక మీద రాసుకుంది.

"ఇవెక్కడి నీల్లు?"

"మీ మడివే."

"ఎప్పుడు తోడినావు?"

"ఏడో తారీఖున."

"ఆరున వాన పడ్నాది గదే. ఇవి ఉప్పునీల్లేటి, గంజినీల్లు. వాన పడ్డాక నాలుగు ఎండలు కాస్తే గానీ మడి నీరు ముదరదు. సంటిపిల్లకి తెలుసును. నన్ను అడగొచ్చును గదా?"

అడగొచ్చు. ఆవిడ మాటలు వినలేకే కదా చిత్రంలోంచి కత్తిరించింది.

ఒక మూరెడు ముక్క కోసి, ఈసారి చిక్కటి ఉప్పునీళ్ళలో వేసి చూశాను. ఈ ఎండలకి అప్పటికే మెత్తబడ్డ పూత, పాల మీద మీగడలా ఊడి వచ్చేసింది. కాబట్టి మళ్ళీ కడగడం కుదరదు. ఇప్పుడున్న నలుపుని బట్టి చూస్తే ఇంకో రెండుసార్లు ఆడించవచ్చు. రెండోసారికి ఎంత మిగులుతుందో చెప్పలేను.

సాయంత్రం తవిటమ్మ వచ్చి "ఆరిందా?" అని అడిగింది. ఇంకా ఆరలేదన్నాను.

ఏప్రిల్ 22

గుమస్తా గారూ, ఇది మీరు చదవాలి. చదివితే నవ్వుకోవచ్చు.

ఒక్కసారే బాగా కనిపించే చిత్రం ఉంటే దాన్ని ఎవరికి చూపించాలి? మాటిచ్చిన మనిషికి. ఈమాత్రం నాకూ తెలుసు. వారం రోజులు తెలిసే తిరిగాను. అయినా పొద్దున నిర్ణాయకుల బండి వచ్చి గోదాము ముందు ఆగగానే కుర్చీలు తుడిచాను. ఇంకో ఆట మిగులుతుందిలే అనుకున్నాను. భాండాగారం, శాశ్వతం అన్న మాటలకి నాలాంటి వాళ్ళం ఎంత లొంగిపోతామో అప్పటిదాకా నాకు తెలియదు. ఇరవై ఏళ్ళుగా నేను ఎవరినైతే వెక్కిరిస్తున్నానో వాళ్ళ చేత 'భేష్' అనిపించుకోవాలని ఇంత ఆకలిగా ఉన్నానని కూడా తెలియదు. సిగ్గుగా ఉంది.

ఆట మొదలైన మూడో నిమిషానికే గోడ సగం చీకటయింది. ఎనిమిదో నిమిషానికి నాకు తవిటమ్మ నడుము దాకానే కనిపిస్తోంది. నిర్ణాయకులకి మాత్రం ఏ లోటూ రాలేదు. చీకటి పడిన మేరకల్లా వాళ్ళ లెన్సులు బొమ్మ కల్పించుకున్నాయి. ఒకాయనకి సముద్రం మీద సూర్యోదయం కనిపించింది. నా చిత్రంలో సముద్రమే లేదు. ఇంకొకావిడ కళ్ళు తుడుచుకుని, చివర్లో ఆ తల్లీబిడ్డలు కలుసుకోవడం ఎంత బాగుందో అంది.

కౌండిన్య గారు అక్కడికక్కడే ప్రకటించారు. ఈ ఏడు 'కాంతి' పురస్కారం నాకట.

"ఇంత వెలుగు ఈ మధ్య ఏ చిత్రంలోనూ చూడలేదండీ," అన్నారు.

"ఫిల్ము నల్లబడిపోయిందండీ. గోడ మీద సగం ఏమీ లేదు," అన్నాను.

ఆయన చిరునవ్వు నవ్వి, "మీ వినయం మీకు అందం," అన్నారు.

ఫిల్ము ఇచ్చేయమన్నారు, భాండాగారానికి. ఇరవై ఏడు దాటాక ఇస్తానన్నాను. ఇంత కాంతి ఉన్న చిత్రాన్ని గోదాములో ఉంచడం క్షేమం కాదని వాళ్ళలో వాళ్ళు అనుకుంటూ వెళ్ళారు.

ఏప్రిల్ 27

తవిటమ్మ ఉతికిన చీర కట్టుకుని వచ్చింది. దాలమ్మ చేతిలో మరమరాల పొట్లం ఉంది, సినిమా కదా అని. ఇద్దరినీ ఉప్పు బస్తాల మీద కూర్చోబెట్టి, ముందే శాలువాల వాళ్ళకి చూపించానని ఒప్పుకుని, వాళ్ళ లెన్సులు కుంటిని చెరిపేస్తే పిన్నిని నర్తకి అనుకున్నారని చెప్పి, ఆడించాను.

మొదటి నిమిషాల్లో గోడ మీద ఏమీ లేదు. నల్లటి దాంట్లో తెల్లటి గీతలు మాత్రం చిటచిటలాడాయి. అవి నా సూది గీతలు. అవొక్కటే చెక్కుచెదరలేదు.

"దీపం ఎలిగించవేటే," అంది దాలమ్మ.

"వెలుగుతోంది దాలమ్మప్పా. చూస్తూ ఉండండి."

అయిదో నిమిషం నుంచి రెండు నిమిషాల పాటు, ఎందుకోగానీ నలుపు కాస్త పలచగా ఉంది. తవిటమ్మ గంప ఎత్తుకుని గట్టెక్కి నడిచింది. ఎడమ కాలు ఈడ్చడం కనిపించింది. మొహం కనిపించింది. బతికాననుకున్నాను.

తవిటమ్మ ముందుకు వంగి చూసింది. "ఇదెవులు?"

"నువ్వే పిన్నీ."

"నాను కాదు."

"నువ్వే. మార్చిలో తీశాను కదా, నీ ఎర్ర అంచు చీర చూడు."

"సీర నాదే. మనిసి నాను కాదు. ఇలగ ఈడ్సుకుంటా నడిస్తే మేస్త్రీ ఊరుకుంటాడా? శవం ఎనకాల నడిసినట్టు నడుస్తన్నాది. ఏటే, నాను నడిస్తే ఇలగుంటాదా?"

"నానెరుగుదును గదా, ఇలగుండదు," అంది దాలమ్మ. "అయినా నానేదీ? ఆ రోజు నీ పక్కనే ఉన్నాను."

ఇద్దరూ నా వైపు చూశారు. గోడ మళ్ళీ నల్లబడింది.

"నిన్ను తీసేశాను అప్పా," అన్నాను. "నడక కూడా కొంచెం నెమ్మది చేశాను. పిన్ని ఒక్కతే నెమ్మదిగా నడుస్తుంటే కష్టం తెలుస్తుందని."

"బాగుంటాదనా?" అంది తవిటమ్మ.

"బాగుంటుందనే."

"మరి ఆ శాలువాల బాబులూ అంతే గదా. బాగుంటాదనే గదా తీసేస్తన్నారు. ఆల్లు నా కుంటి తీసేసినారు, నువ్వు నా నవ్వు తీసేసినావు." గొంతు పెంచలేదు. మేస్త్రీకి గంపల లెక్క తప్పిందని చెప్పినంత మామూలుగా చెప్పింది. "పోనీలే పిల్లా. నువ్వు మాత్రం ఏటి సేస్తావు. రేపు పదకొండుకి ఆసుపత్రి బస్సు వొస్తాది, మూట కట్టుకోవాల."

మరమరాల పొట్లం విప్పకుండానే వెళ్ళిపోయారు. గురివింద గింజకి తన నలుపు తెలియదంటారు. నాకు చెప్పి మరీ తెలియజేశారు. ఇరవై ఏళ్ళు కష్టపడి నేను నా చేతికి ఇంకో రకం నునుపు అలవాటు చేశాను. వాళ్ళది మీట నొక్కితే అయిపోతుంది. నాకు పంతొమ్మిది రోజులు పడుతుంది. తేడా అంతే.

ఏప్రిల్ 28

కెమెరాలో ఫిల్ము లేదు. అయినా పది దాటాక దాన్ని భుజానికి తగిలించుకుని మడుల దగ్గరికి వెళ్ళాను, ఏం చేద్దామనో నాకే తెలియదు. తవిటమ్మ గట్టు మీద మూట పక్కన కూర్చుని ఉంది. దాలమ్మ నన్ను చూసి గంప కింద పెట్టింది.

"అది పక్కన పడీ," అంది కెమెరాని చూపించి. "గంప ఎత్తుకో."

"నేనా?"

"మరెవులు? దీని నడక దీనికి ఎవులు సూపిస్తారు? నాను సూపిద్దునేమో, నాకు నడుం ఒంగదు. నువ్వు నడు. నాను సెప్తాను ఎలగో. ముప్పై ఏల్లు పక్కనే నడిసినాను, నాకు తెల్దా?"

తవిటమ్మ తన చుట్టకుదురు తీసి ఇచ్చింది. నెత్తిన పెట్టుకున్నాను. దాలమ్మ గంపలో సగానికి ఉప్పు పోసి ఎత్తి పెట్టింది. సగం గంపకే నా మెడ లోపలికి దిగిపోయింది.

గట్టు ఈ చివర నుంచి ఆ చివరికి నడిచాను.

"అలగ కాదు," అంది దాలమ్మ. "కాలు ఈడ్సద్దు. దాని మోకాలు వొంగదు గాబట్టి తుంటి నుంచి తిప్పి ఏస్తాది. తిప్పి. ఆఁ. మడమ ఆనించదు, ముని వేల్ల మీదే."

మళ్ళీ నడిచాను.

"సెయ్యి గంప మీద పెట్టద్దు. దాని సెయ్యి ఎప్పుడూ గాల్లోనే. మాటాడతా ఉంటాది గదా, ఇలగ ఊపుతా. నాతోటి మాటాడు."

"ఏం మాట్లాడను?"

"మేస్త్రీని తిట్టు."

మేస్త్రీ ఎవరో నాకు సరిగ్గా తెలియదు. కౌండిన్య గారిని తలుచుకుని తిట్టాను. దాలమ్మ పక్కన నడుస్తూ ఇంకో రెండు తిట్లు అందించింది. చెయ్యి దానంతటదే ఊగింది. తిట్టేటప్పుడు అడుగు జోరుగా పడుతుందని, ఆ జోరులో తుంటి తిరగడం కాస్త ఎగిరినట్టుంటుందని అప్పుడు తెలిసింది. పది రోజులు ఇదే గట్టు మీద కెమెరాలోంచి చూశాను. ఇది కనిపించలేదు.

నాలుగోసారి దాలమ్మ ఏమీ దిద్దలేదు. అయిదోసారి వెనక్కి తిరిగి వస్తుంటే తవిటమ్మ లేచి నిలబడి ఉంది. పువ్వు వేసిన కళ్ళకి చేత్తో నీడ పట్టుకుని చూస్తోంది. నవ్వుతుందేమో అనుకున్నాను. నవ్వలేదు.

"మాయమ్మ," అంది.

నేను ఆగిపోయాను.

"మాయమ్మ ఇలగే నడిసీది. నా ఎనిమిదో ఏట పోనాది. పొటో ఒక్కటీ నేదు, మొకం కూడా గుర్తు నేదు." దాలమ్మ వైపు తిరిగింది. "నాను దాని నాగే నడుస్తన్నానా? ఇన్నాల్లూ?"

"నువ్వు ఇలగే నడుస్తావు," అంది దాలమ్మ.

"దానికి కాలు బాగానే ఉండీది. అయినా ఇలగే, తుంటి ఎగరేసి."

రోడ్డు మీద ఆసుపత్రి బస్సు హారన్ కొట్టింది. తవిటమ్మ అటు చూడలేదు. నా మెడ నరాలు లాగుతున్నాయి, ఉప్పు చెమటతో కలిసి కళ్ళలోకి కారుతోంది. గంప దించుకుందామని చేతులెత్తాను.

"దించకు," అంది తవిటమ్మ. "ఆ సివరికి ఎల్లి మల్లా రా. బస్సు నిలబడతాదిలే."

నేను గట్టు చివరికి వెళ్ళి, మళ్ళీ ఆమె వైపు నడిచాను.